గాజుకు అంటుకున్న ఫొటో, చదవని వెనక రాత: విశాఖ నుంచి ఒక కేసు

పాత కాగితాలు, ఫొటోలు బాగుచేయడం నా వృత్తి. నా బల్ల మీదికి ఎక్కువగా వచ్చేవి దస్తావేజులు, పెళ్ళి ఫొటోలు, గుడి లెక్కల పుస్తకాలు. తెచ్చినవారి కోరిక కూడా ఎప్పుడూ ఒకటే: ఎలాగైనా నిలబెట్టండి అని. ఈ కేసులో మాత్రం తెచ్చినావిడ ఫొటోలను పాడైపోనివ్వాలని అడిగారు. అలాంటి కోరిక నా ఒంటికి పడదు. అయినా కుదరదని పంపించేయకుండా ఎంతవరకు ఒప్పుకున్నానో, ఎక్కడ ఆగానో రాసిపెడితే ఈ పనిలో ఉన్నవారికీ, ఇంట్లో పాత పెట్టెలు ఉన్న కళాకారులకూ పనికొస్తుందనిపించింది. కుటుంబాన్ని గుర్తుపట్టే వివరాలు కొన్ని తీసేశాను, కొన్ని మార్చాను. రాసినది వారికి చూపించి, సరేనన్నాకే బయటపెడుతున్నాను.

నేపథ్యం

ఆమె దృశ్య కళాకారిణి. ఫొటో, బట్ట, శబ్దం, వీడియో, ఏది అవసరమైతే దానితో పనిచేస్తారు. చాలాకాలంగా ఆమె పని అంతా ఒకే విషయం చుట్టూ తిరుగుతోంది: బర్మా నుంచి తిరిగి వచ్చిన తన కుటుంబం.

ఉత్తరాంధ్రలో ఈ కథ తెలియని ఊరు తక్కువ. పంతొమ్మిదో శతాబ్దం చివరి నుంచి కళింగపట్నం, భీమునిపట్నం, విశాఖ, కాకినాడ రేవుల్లో ఓడలెక్కి మనవాళ్ళు రంగూన్ వెళ్ళారు. బియ్యం మిల్లుల్లో, రేవులో, రిక్షాల దగ్గర పనిచేశారు. 1930 మేలో రంగూన్ రేవు కూలీల అల్లర్లలో దెబ్బతిన్నది ప్రధానంగా తెలుగువాళ్ళే. 1937లో బర్మా ఇండియా నుంచి విడిపోయింది. 1941 డిసెంబరులో జపాన్ విమానాలు రంగూన్ మీద బాంబులు వేశాక లక్షల మంది భారతీయులు కొండలు దాటి, ఓడలెక్కి వెనక్కి వచ్చారు. ఆ బాంబులు తప్పించుకుని విశాఖ చేరినవారికి 1942 ఏప్రిల్ 6న ఇక్కడా జపాన్ బాంబులే ఎదురయ్యాయి. యుద్ధం అయ్యాక కొందరు మళ్ళీ వెళ్ళారు. 1962లో నె విన్ సైనిక ప్రభుత్వం వచ్చింది, 1964లో దుకాణాలు జాతీయం అయ్యాయి, ఆ ఏడాది మేలోనే 50, 100 చాట్ (బర్మా కరెన్సీ) నోట్లు చెల్లకుండా పోయాయి. ఇక ఉండలేమని తేలింది. కంచరపాలెం దగ్గర బర్మా క్యాంపు అన్న పేరు ఆ రాకపోకల గుర్తే.

ఈ కళాకారిణి తాత, నాయనమ్మ ఆ చివరి విడతలో ఓడ దిగినవాళ్ళు. వెంట తెచ్చుకోగలిగింది ఒక ట్రంకుపెట్టె. అందులో స్టూడియో ఫొటోలు, ఒక ఆల్బమ్, విదేశీయుల రిజిస్ట్రేషన్ పత్రాలు, లక్క పూసిన తమలపాకుల పెట్టె, రెండు లుంగీలు. నాయనమ్మ గొంతు రికార్డు చేసిన క్యాసెట్ ఒకటి తరవాతెప్పుడో చేరింది. పెట్టె విశాఖ పాత పట్నంలో మేనత్త ఇంట్లో ఉండేది. కలరా ఉండలు వేసి, మీద పాత చీర కప్పి, మంచం కింద.

2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుఫాను వచ్చింది. రేకులు లేచిపోయి ఇంట్లోకి నీళ్ళు వచ్చాయి. తడిసిన ఫొటోలను రెండు రోజుల్లోగా ఆరబెట్టాలి, లేదంటే ఫ్రిజ్‌లో గడ్డకట్టించి పెట్టాలి అని మేం అందరికీ చెబుతాం. కరెంటు రోజుల తరబడి లేని ఊళ్ళో ఆ సలహా ఎవరికి పనికొస్తుంది? పెట్టె తెరిచేసరికి ఫొటోలు ఒకదానికొకటి అతుక్కున్నాయి. గోడమీది ఫ్రేములో ఉన్న పెద్ద ఫొటో గాజుకు అంటుకుపోయింది.

మా దగ్గరికి వచ్చిన సమస్య

ఆమె వచ్చేసరికి ప్రదర్శనకు కొన్ని నెలలే ఉంది. పాత పట్నంలో సముద్రం వైపు కిటికీలున్న ఒక పాత మేడ గది తీసుకున్నారు. ఆలోచన ఇది: అసలు ఫొటోలను వలతాళ్ళకు వేలాడదీసి, కిటికీలు తెరిచిపెట్టి, ప్రదర్శన జరిగినన్నాళ్ళూ ఉప్పుగాలికి అవి పాడవుతుంటే జనం చూడాలి. కొన్నింటిని ఉప్పునీళ్ళ తొట్టిలో వేయాలి. “జ్ఞాపకం ఎలా పోతుందో చెప్పడం కాదు, పోతుంటే చూపించాలి” అన్నారు. గాజుకు అంటుకున్న ఫొటోను విడదీసి ఇస్తే అది ఆ గదికి మధ్యలో ఉంటుందట.

అంటే అడిగినవి రెండు పనులు: ఒకదాన్ని బాగుచేయాలి, మిగతావాటిని పాడుచేయడానికి సిద్ధం చేయాలి.

మేనత్త కూడా వెంట వచ్చారు. ఆవిడ అడిగింది ఒక్కటే: “మా అమ్మ మొహం కనబడేలా ఉంటే చాలు. మిగతాది మీ ఇష్టం.” ఆ మాటలో ఉన్న “మిగతాది మీ ఇష్టం” నిజం కాదని తరవాత తెలిసింది.

నేను ముందు ఏదీ ముట్టుకోలేదు. ప్రతి వస్తువును ఫొటో తీసి, ఏ స్థితిలో ఉందో రాసి, పక్కన ఒక గడి పెట్టాను: ఇది ఎవరిది? చట్టప్రకారం చూస్తే తాత ఆస్తికి వారసులు మేనత్త, కళాకారిణి తండ్రి. తండ్రి లేరు, ఆయన వాటా ఈమెకు రావచ్చు. పెట్టె మొత్తం మీద ఈమెకొక్కరికే హక్కు లేదు. కళాకారిణికి ఈ గడి నచ్చలేదు. తన చరిత్ర మీద తాను పనిచేయడానికి అనుమతి పత్రమా అని అడిగారు. ఉమ్మడి గోడ కూల్చేటప్పుడు పక్కింటివాళ్ళను అడుగుతాం కదా, ఇదీ అంతే అన్నాను. అప్పటికి ఒప్పుకోలేదు గానీ గడి కొట్టేయలేదు.

గాజు మీది ఫొటో

అది చేతితో రంగులు అద్దిన స్టూడియో ఫొటో. కాగితం మీద జెలటిన్ పొర, అందులో వెండి రేణువులు. అంచుల్లో వెండి పైకి తేలి అద్దంలా నీలంగా మెరుస్తోంది. తాత కుర్చీలో, నాయనమ్మ పక్కన నిలబడి, వాళ్ళ మధ్య ఐదారేళ్ళ పాప. ఆ పాపే మేనత్త. గాజుకు అంటుకున్న చోట్ల ముదురుగా, తడిగా ఉన్నట్టు కనిపిస్తోంది. అంటని చోట్ల బూడిదరంగు. నాయనమ్మ మొహంలో సగం అంటుకుంది, సగం అంటుకోలేదు.

ఇలా ఎందుకవుతుందంటే, జెలటిన్ తేమకు మెత్తబడి జిగురవుతుంది. విశాఖలో గాలిలో తేమ ఏడాదిలో ఎక్కువ కాలం డెబ్బై శాతానికి అటూ ఇటూ ఉంటుంది. 65 దాటితే బూజుకు కూడా అనుకూలమే. ఫ్రేములో ఫొటోను నేరుగా గాజుకు ఆనించి బిగిస్తే ఇక్కడ అది ఎప్పుడో ఒకప్పుడు అంటుకోవలసిందే, తుఫాను అక్కర్లేదు.

మా దగ్గరికి రాకముందు ఒక ఫ్రేముల షాపులో హెయిర్ డ్రయ్యర్ పెట్టి చూశారు. వేడికి జెలటిన్ ఇంకా గట్టిగా పట్టేసి, ఒక మూల పొర చిట్లింది. వారిని తప్పుపట్టను. తడిసినదాన్ని ఆరబెట్టాలన్నది లోకమంతా చేసే పనే.

మామూలుగా నేను ఆలోచించే దారి నీళ్ళలో ముంచడం. జెలటిన్ ఉబ్బి గాజును వదిలేసే అవకాశం ఉంది. కానీ రంగులద్దిన ఫొటో కాబట్టి ముందు పరీక్ష. నాయనమ్మ చీర అంచు దగ్గర, ఎవరి కంటా పడని చోట, సూది మొనంత తడి దూది ఆనించాను. దూదికి గులాబీరంగు వచ్చింది. ముంచితే ఫొటో వస్తుంది, రంగులు పోతాయి. నాయనమ్మ చెంపల మీది ఆ రంగే మేనత్తకు తెలిసిన మొహం.

ఇక మిగిలింది నీటి ఆవిరి. మూతపెట్టిన పెట్టెలో కొద్దికొద్దిగా తేమ ఇస్తూ, అంచు నుంచి పలచని బద్ద పోనిస్తే వస్తుందేమో అని చూశాం. తాత కుర్చీ కోడు దగ్గర పొర కొద్దిగా కదిలింది, అక్కడే అది కాగితాన్ని వదిలి గాజు వైపే ఉండిపోయింది. అంటే గాజు పట్టు కాగితం పట్టుకంటే గట్టిది. అది తెలిశాక కొనసాగించడానికి కారణం లేదు. అదే పద్ధతిలో మొహం దాకా వెళ్తే సగం మొహం కాగితం మీద, సగం గాజు మీద మిగులుతుంది.

ఫొటోను గాజుతోనే ఉంచాలని నిర్ణయించాను. గాజు ఇప్పుడు ఫ్రేములో భాగం కాదు, ఫొటోలో భాగం. వెనక ఆమ్లం లేని అట్ట పెట్టి, గాజు అంచులకు టేపు వేసి, పగలకుండా పెట్టె చేశాం. మొహం చూడాలన్న మేనత్త కోరికకు కెమెరా సరిపోయింది. రెండు పక్కల 45 డిగ్రీల కోణంలో దీపాలు, దీపాల ముందు పోలరైజింగ్ షీట్లు, లెన్సుకు అడ్డంగా తిప్పిన పోలరైజర్, కెమెరా వెనక నల్ల గుడ్డ. లెన్సు మీది ఫిల్టరును మెల్లగా తిప్పుతుంటే ఒకచోట గాజు మెరుపు, వెండి మెరుపు రెండూ ఒక్కసారిగా ఆరిపోయి నాయనమ్మ రెండు కళ్ళూ ఒకే నలుపుతో తేలాయి. మేనత్త కంప్యూటర్ తెర ముందు కుర్చీ లాక్కుని కూర్చుని, వడ్డాణం ఇత్తడిదని, స్టూడియోవాడిదని చెప్పారు. ఆ సమాచారం ఫొటో పక్కనే రాసిపెట్టాం.

కాగితాల సంగతి

రిజిస్ట్రేషన్ పత్రాల మీద నీటి మరక గీతలు ఉన్నాయి. మేనత్త కడగమన్నారు, కళాకారిణి వద్దన్నారు. ఇక్కడ నాకు ఎవరి పక్షమూ తీసుకోవలసిన పని పడలేదు. ఊదారంగు ఆఫీసు ముద్రలు నీళ్ళకు కరిగిపోయే రకం. కడిగితే మరకతో పాటు ముద్ర పోతుంది, ముద్ర పోతే పత్రానికి విలువేముంది? తుప్పు పట్టిన పిన్నులు తీసి, చిరుగులకు జపాన్ కాగితం (పలచగా ఉన్నా గట్టిగా ఉండే కాగితం), గోధుమ పిండి గంజితో అతుకులు వేశాం. మన బైండింగ్ షాపుల్లో మైదా జిగురులో మైలుతుత్తం కలుపుతారు. పురుగు రాదు గానీ ఎక్కువైతే కాగితానికే చేటు. ఇలాంటి పత్రాలకు అది వాడొద్దని చెప్పడానికే ఈ మాట.

పని చేయని నకళ్ళు

అసలు ఫొటోలను గాలికి వదలడానికి నేను సాయం చేయనని మొదటే చెప్పాను. ఆమె తన వాటా తాను ఏమైనా చేసుకోవచ్చు, అది వేరు. అయితే ఆమె అడిగినదానిలో ఒక నిజం ఉంది. శుభ్రంగా ఫ్రేము కట్టిన ఫొటోల గది ఈ కుటుంబానికి జరిగినదాన్ని దాచేస్తుంది. పాడవడాన్ని చూపించాలి, పాడయ్యేది అసలు కాకూడదు. మాకు ఎదురైన లెక్క ఇదీ.

ముందుగా నకళ్ళు తీశాం. మంచి స్కానర్, 600 డీపీఐ, అదే కొలత, నూలు కాగితం మీద ఇంక్‌జెట్ ప్రింట్లు. వాటిని తాళ్ళకు కట్టి చూశారు. కళాకారిణికి ప్రాణం లేనట్టనిపించింది. మేనత్త ఒకటి తీసుకుని, అలవాటుగా వెనక్కి తిప్పి చూశారు. వెనక తెలుపు. “ఇది మా అమ్మ కాదు, జెరాక్సు” అని బల్ల మీద పెట్టేశారు.

ఆ ప్రింట్లు ఉప్పుగాలికి కూడా పెద్దగా మారలేదు. తడికి ముడతలు పడ్డాయి, అంతే. ఆ సిరా నిలవడానికే తయారైంది. నిలబడేదాన్ని తెచ్చి పోవడం గురించి చెప్పమంటే ఎలా చెబుతుంది?

ఉప్పు

దారి ఫొటోగ్రఫీ మొదటి రోజుల్లోనే ఉంది. 1830లలో ఇంగ్లండులో టాల్బాట్ అనే శాస్త్రవేత్త చేసిన పద్ధతి. కాగితాన్ని ఉప్పునీళ్ళలో నానబెట్టి ఆరబెట్టి, మీద సిల్వర్ నైట్రేట్ పూస్తే వెలుతురుకు నల్లబడే పొర తయారవుతుంది. దాని మీద నెగటివ్ పెట్టి ఎండలో ఉంచితే బొమ్మ వస్తుంది. ఆ తరవాత హైపోలో, అంటే బొమ్మను నిలిపే ద్రావణంలో, ముంచకపోతే మిగిలిన పొర కూడా వెలుతురుకు నల్లబడుతూనే ఉంటుంది, బొమ్మ తనలో తానే మునిగిపోతుంది. ఆమె అడిగినది ఇదే, అసలు ఫొటోకు ఏమీ కాకుండా.

ఉప్పు సముద్రం నుంచే రావాలన్నది ఆమె పట్టు. హార్బర్ వైపు నీళ్ళలో నూనె తేలుతుంది కాబట్టి భీమిలి వైపు నుంచి తెచ్చాం. సముద్రపు నీళ్ళలో ఉప్పు మూడున్నర శాతం దాకా ఉంటుంది, ఈ పనికి రెండు శాతం చాలు. వడకట్టి మంచినీళ్ళు కలిపాం. వానాకాలంలో చేసినవి సరిగ్గా రాలేదు. కాగితం పూర్తిగా ఆరక, నెగటివ్‌కు అంటుకుని దాన్నీ పాడుచేసింది. డిసెంబరు పొడిగాలి వచ్చాక కుదిరింది. సిల్వర్ నైట్రేట్ చేతికి తగిలితే నల్లమచ్చ వారాల కొద్దీ పోదు, కంటికి తగిలితే కన్నే పోవచ్చు. గ్లవ్స్, కళ్ళద్దాలు లేకుండా ఎవరూ మొదలుపెట్టొద్దు. మిగిలిన ద్రావణం మోరీలో పోయకుండా, ఉప్పు కలిపి అడుగున దిగిన వెండి మడ్డిని వేరుచేశాం.

అయితే హైపో వేయని ప్రింట్లు ఆ కిటికీల ముందు పెడితే ఒక పగటికే గుర్తుపట్టలేనంతగా నల్లబడ్డాయి. సాయంత్రం వచ్చినవారికి చూడటానికి ఏమీ ఉండదు. ఇక్కడ మళ్ళీ టాల్బాటే అక్కరకొచ్చాడు. హైపో వాడకం తెలియని రోజుల్లో ఆయన ప్రింట్లను చిక్కటి ఉప్పునీళ్ళలో ముంచేవాడు. మొదట కొద్ది ఉప్పుతో వెలుతురుకు మారే గుణం వచ్చిన కాగితం, తరవాత ఎక్కువ ఉప్పుతో ఆ గుణాన్ని చాలావరకు పోగొట్టుకుంటుంది. పూర్తిగా ఆగదు, నెమ్మదిస్తుంది. అలా చేసిన ప్రింట్లు వారాల పాటు లేత ఊదా నుంచి గోధుమ నలుపుకు మారుతూ వచ్చాయి. ప్రారంభం రోజున వచ్చినవారు, ముగింపు దగ్గర మళ్ళీ వచ్చినవారు ఒకే ఫొటోను చూడలేదు. ప్రతి ప్రింటు వెనక అసలు ఫొటో వెనక ఉన్న రాతను, స్టూడియో ముద్రను కూడా అచ్చువేశాం. మేనత్త తిప్పి చూశారు. ఈసారి బల్ల మీద పెట్టలేదు. ఆవిడకోసం ఒక సెట్టు హైపోలో నిలిపి ఇచ్చాం.

విప్పని ఫొటో

ఈ కేసులో నేను ఎక్కువ ఆలోచించింది రసాయనాల గురించి కాదు. ఆల్బమ్‌లో నల్ల అట్ట మీద ఒక చిన్న ఫొటో అతికించి ఉంది. బర్మా దుస్తుల్లో ఇరవై ఏళ్ళ అమ్మాయి, జడలో పువ్వు. కింద పేరు లేదు. తుఫాను నీళ్ళకు రెండు మూలలు లేచాయి. లేచిన మూల కింద సిరా రాత కనబడుతోంది. అక్షరాలు బర్మా లిపిలో ఉన్నాయి.

విప్పడం తేలిక. గంజి ఎండి పెళుసుగా ఉంది, పలచని బద్ద పోనిస్తే వస్తుంది. కళాకారిణి ఆత్రంగా ఉన్నారు. తాత జీవితంలో ఎవరూ చెప్పని భాగం అక్కడ ఉందని ఆమె నమ్మకం. మేనత్త ఒప్పుకోలేదు. “మా నాన్న అతికించాడు. చదవొద్దనే అతికించాడు. నువ్వు నీ బొమ్మలు వేసుకో అమ్మా, ఆయన్ని అడగకుండా ఆయన్ని విప్పొద్దు.” “అత్తా, ఆయన లేరు కదా, ఎవర్ని అడగాలి?” అని ఈమె. “నన్ను” అని ఆవిడ.

నాకు నేను వేసుకున్న ప్రశ్న: విప్పకపోతే ఫొటోకు నష్టమా? జిగురు కాగితాన్ని తినేస్తుంటే, లేదా అట్టలోని ఆమ్లం సిరాను చెరిపేస్తుంటే విప్పడం నా బాధ్యత అవుతుంది, చదవడం వద్దనుకున్నా సరే. పరిశీలిస్తే గంజి నిరపాయమైనది, సిరా నిలకడగా ఉంది. ఇంకో ఇరవై ఏళ్ళు అలాగే ఉన్నా పోయేదేమీ లేదు. అత్యవసరం లేనప్పుడు వారసుల్లో ఒకరు వద్దన్నది చేయడానికి వృత్తిపరంగా నాకు ఆధారం లేదు. విప్పిన ఫొటోను మళ్ళీ అతికించవచ్చు, చదివినదాన్ని చదవనట్టు చేయలేం. మూలల కింద జపాన్ కాగితం పెట్టి, ఆల్బమ్ మూసి, రిపోర్టులో ఇలా రాశాను: “వెనక వైపు రాత ఉంది. చదవలేదు. కారణం: కుటుంబ సభ్యుల్లో ఒకరి అభ్యంతరం.”

కళాకారిణి కొన్నాళ్ళు మాట్లాడలేదు. తరవాత ఆ రిపోర్టు పేజీ వాడుకోవచ్చా అని అడిగారు. ప్రదర్శనలో ఒక గోడకు ఖాళీ నల్ల అట్ట, నాలుగు మూలల గుర్తులు, పక్కన నా మూడు వాక్యాలు. అమ్మాయి మొహం లేదు. నా చేతిరాత కళాఖండం కావడం నాకేమీ గొప్పగా అనిపించలేదు గానీ, జనం ఎక్కువసేపు నిలబడింది అక్కడే.

క్యాసెట్‌దీ ఇదే దారి. బూజు తుడిచి, కొత్త డొల్లలోకి మార్చి, కంప్యూటర్‌లోకి ఎక్కించాం. పేర్లు, తగాదాలు ఉన్న భాగాలు మేనత్త దగ్గరే ఉండిపోయాయి. గదిలో వినిపించింది అడకత్తెర చప్పుడు, ఒక పాట పల్లవి, దగ్గు.

ఇప్పుడు మా పద్ధతిలో చేరినవి

“ఎవరిది” అన్న గడి ఇప్పుడు ప్రతి స్థితి రిపోర్టులో మొదటి పేజీకి వచ్చింది. కళాకారులు తెచ్చేవాటికి ఇంకో గడి కూడా: ఇది పత్రమా, వస్తువా, ముడిసరుకా? ఒకే ఫొటో ఇంట్లో ముగ్గురికి మూడు కావచ్చు. ముడిసరుకు అన్న జవాబు వస్తే, ముందు నకలుతో ఆ పని అవుతుందేమో చూస్తాం. ఆ నకలు ఏ గుణాన్ని మోయాలో, అంటే వెనక రాతా, బరువా, పాడయ్యే తీరా అన్నది తేల్చుకోకుండా ప్రింటర్ ముందుకు వెళ్ళం. తీరప్రాంతపు ఇళ్ళకు ఒక మాట: ఫొటోకూ గాజుకూ మధ్య అట్ట కిటికీ (మధ్యలో కోసిన అట్ట చట్రం) పెట్టించండి, ప్లాస్టిక్ కవర్లకు బదులు కాగితపు కవర్లు వాడండి. ప్లాస్టిక్‌లో తేమ బంధించబడి మళ్ళీ అంటుకుంటాయి.

ప్రదర్శన ముగిశాక ఊహించని సమస్య ఒకటి వచ్చింది. ఒకాయన మారుతున్న ప్రింటు ఒకటి కొంటానన్నారు. నల్లబడిపోయేదాన్ని అమ్మడమంటే ఏమి అమ్మినట్టు? మొహాలున్నవి అమ్మకూడదని మేనత్త ముందే చెప్పారు కాబట్టి రిజిస్ట్రేషన్ పత్రం ప్రింటు ఇచ్చారు. దానితో పాటు షరతుల కాగితం తయారుచేశాం: ఇది మారుతుంది, హైపోలో ముంచకూడదు, నల్లబడితే ఇంకొకటి అడగకూడదు. ఆయన సంతకం పెట్టి తీసుకెళ్ళి హాల్లో పడమటి కిటికీ ఎదురుగా తగిలించారు. వేసవిలో ఫోను చేసి, ముద్ర కూడా కనబడటం లేదు, ఏమైనా చేయగలరా అని అడిగారు. మూడో షరతు చదివి వినిపించాను.